విండోస్ మళ్ళీ వేసేలోపు గేమ్ ఫైల్స్, సేవ్‌లు ఎక్కడున్నాయో కనుక్కోవాలి

వెన్నెల_పీసీ:

అందరికీ నమస్తే. విండోస్ 10కి 2025 అక్టోబర్ 14తో సపోర్ట్ ఆగిపోయింది కదా, అందుకని ఈ శనివారం సి డ్రైవ్ మొత్తం ఫార్మాట్ చేసి విండోస్ 11 వేద్దామనుకుంటున్నాను. ఆటలూ, వాటిలో ఎక్కడిదాకా ఆడామో దాచే సేవ్ ఫైల్సూ పోకూడదు. సి అంటే 256 జీబీ ఎస్‌ఎస్‌డీ, ఎప్పటినుంచో ఎర్ర గీతతోనే ఉంది. పక్కన 1 టీబీ హార్డ్ డిస్క్ డి డ్రైవ్‌గా ఉంది, దాంట్లో చోటు బాగానే ఉంది.

నా దగ్గర ఉన్నవి నాలుగు ఆటలు. హాలో నైట్ స్టీమ్ అనే ఆన్‌లైన్ గేమ్ షాపులో కొన్నది. స్టార్‌డ్యూ వ్యాలీ అనే వ్యవసాయం ఆట జీఓజీ అనే ఇంకో షాపులో కొని, ఆఫ్‌లైన్ ఇన్‌స్టాలర్ దింపుకుని వేశాను, వాళ్ళ గెలాక్సీ యాప్ నా కంప్యూటర్‌లో లేదు. ఎక్స్‌బాక్స్ యాప్ నుంచి ఒక కార్ రేసింగ్ గేమ్ ఉంది. నాలుగోది సీడీలో వచ్చిన పాత స్ట్రాటజీ గేమ్.

వీటి ఫైల్స్ ఎక్కడున్నాయో దొరకట్లేదు. స్టార్ట్ మెనూలో హాలో నైట్ అని వెతికి, రైట్ క్లిక్ చేసి ఓపెన్ ఫైల్ లొకేషన్ కొడితే ఇంకో షార్ట్‌కట్ ఉన్న ఫోల్డర్ తెరుచుకుంటోంది తప్ప అసలు గేమ్ కనిపించదు. ప్రోగ్రామ్ ఫైల్స్‌లో వెతికాను, ఆ పేరుతో ఏమీ లేదు.

అన్నింటికంటే టెన్షన్ స్టార్‌డ్యూ గురించి. మా తమ్ముడూ నేనూ ఒకే పొలం ఆడతాం. ఇంట్లో ఇద్దరి కంప్యూటర్లూ ఒకే నెట్‌వర్క్‌లో ఉంటాయి, పొలం మాత్రం నాది, నేను తెరిస్తేనే వాడు లోపలికి వస్తాడు. అంటే సేవ్ నా దగ్గరే ఉందనుకుంటా. గ్రీన్‌హౌస్ బాగయ్యాక వాడు అందులో మొక్కలన్నీ తనకు నచ్చినట్టు వరసలు వేసుకున్నాడు. అది పోతే వాడి ముఖం చూడలేను. స్టార్‌డ్యూ ఇన్‌స్టాల్ అయిన ఫోల్డర్ మొత్తం డి డ్రైవ్‌కి కాపీ చేస్తే సరిపోతుందా?


డిస్క్‌మేట్:

స్టీమ్ గేమ్ అయితే చాలా సులువు అక్కా. స్టీమ్ లైబ్రరీలో గేమ్ పేరు మీద రైట్ క్లిక్, మేనేజ్, బ్రౌజ్ లోకల్ ఫైల్స్. నేరుగా ఆ ఫోల్డర్ తెరుచుకుంటుంది. స్టార్ట్ మెనూలో స్టీమ్ పెట్టే షార్ట్‌కట్ గేమ్ ఫైల్‌కి కాదు, స్టీమ్‌ని పిలిచి ఫలానా నంబర్ గేమ్ నడపమని చెప్పే ఒక లింక్, అంతే. అందుకే నువ్వు దాని వెనక వెళ్ళినా ఎక్కడికీ చేరలేదు.

ఏ గేమ్‌కైనా పనిచేసే పద్ధతి ఇంకోటి ఉంది. గేమ్ నడుస్తుండగా ఆల్ట్ ట్యాబ్ కొట్టి బయటికి వచ్చి, టాస్క్ మేనేజర్ తెరిచి, గేమ్ పేరు మీద రైట్ క్లిక్ చేసి ఓపెన్ ఫైల్ లొకేషన్. అక్కడ మాత్రం గేమ్‌ని నడిపే నిజమైన ఈఎక్స్‌ఈ ఫైల్ ఉన్న చోటికే వెళ్తుంది.


పాతకీబోర్డ్:

వెన్నెల గారూ, ముందు మీ చివరి ప్రశ్నకి జవాబు: సరిపోదు. దయచేసి ఆ ఒక్క ఫోల్డర్ కాపీ చేసుకుని ఫార్మాట్ కొట్టకండి. స్టార్‌డ్యూ సేవ్ గేమ్ ఫోల్డర్‌లో ఉండదు.

ఇక్కడ చాలామంది గేమ్ ఎక్కడుంది అనే అడుగుతారు. నేను మాత్రం ఎవరు అడిగినా ముందు సేవ్ సంగతే చెప్తాను. గేమ్ ఫైల్స్ 10 జీబీ అయినా 100 జీబీ అయినా కొన్న చోటు నుంచి మళ్ళీ దింపుకోవచ్చు. సేవ్ కొన్ని ఎంబీలే ఉంటుంది, కానీ అది ప్రపంచం మొత్తంలో మీ కంప్యూటర్‌లో మాత్రమే ఉండొచ్చు. మీరు అనుకున్నది నిజమే, స్టార్‌డ్యూలో కలిసి ఆడినప్పుడు పొలం తెరిచినవాళ్ళ కంప్యూటర్‌లోనే సేవ్ ఉంటుంది. మీ తమ్ముడి పాత్ర, అతని సామాను కూడా మీ సేవ్‌లోనే ఉన్నాయి, అతని కంప్యూటర్‌లో వాటి కాపీ లేదు. పైగా మీరు గెలాక్సీ యాప్ లేకుండా ఆఫ్‌లైన్ ఇన్‌స్టాలర్‌తో వేశారు కాబట్టి క్లౌడ్‌లోనూ లేదు.

ఇప్పుడు దాన్ని తీద్దాం. విండోస్ కీ పట్టుకుని ఆర్ నొక్కండి. వచ్చిన చిన్న పెట్టెలో ఇంగ్లీష్‌లో పర్సెంట్ గుర్తు, యాప్‌డేటా, మళ్ళీ పర్సెంట్ గుర్తు, మధ్యలో ఖాళీ లేకుండా టైప్ చేసి ఎంటర్ కొట్టండి. రోమింగ్ అనే ఫోల్డర్ తెరుచుకుంటుంది. అందులో స్టార్‌డ్యూవ్యాలీ, దాని లోపల సేవ్స్. ఒక్కో పొలానికి ఒక్కో ఫోల్డర్, పేరు, అండర్‌స్కోర్, ఒక పొడుగాటి నంబర్ ఉంటాయి. లోపల అదే పేరుతో ఒక ఫైల్, సేవ్‌గేమ్‌ఇన్ఫో అని ఇంకోటి, వాటి వెనకటి కాపీలు చివర ఓల్డ్ అనే మాటతో ఉంటాయి. ఫోల్డర్ మొత్తాన్ని అలాగే కాపీ చేయండి. ఫోల్డర్ పేరు, లోపలి ఫైల్ పేరు ఒకటే అయి ఉండాలి, కాబట్టి గుర్తుకోసం అని పేరు మార్చకండి. గుర్తు కావాలంటే దాన్ని ఇంకో ఫోల్డర్‌లో పెట్టి ఆ బయటి ఫోల్డర్‌కి పేరు పెట్టుకోండి. స్టీమ్‌లో కొన్నా జీఓజీలో కొన్నా స్టార్‌డ్యూ సేవ్ చోటు ఇదే.

యాప్‌డేటా అనేది మామూలుగా కనపడదు, దాచి ఉంచిన ఫోల్డర్. మీరు ఫైల్ ఎక్స్‌ప్లోరర్‌లో ఎంత వెతికినా దొరక్కపోవడానికి అది కూడా కారణం కావచ్చు. దాని లోపల లోకల్ (Local), లోకల్‌లో (LocalLow), రోమింగ్ (Roaming) అని మూడు గదులు ఉంటాయి. గేమ్ ఏ ఇంజిన్‌తో, అంటే గేమ్‌లు తయారుచేసే ఏ సాఫ్ట్‌వేర్‌తో చేశారో తెలిస్తే ఏ గదిలో వెతకాలో చాలాసార్లు ముందే ఊహించవచ్చు. ఇది తెలుసుకున్నాక నాకు సగం వెతుకులాట తగ్గిపోయింది, అందుకే కాస్త వివరంగా చెప్తున్నాను.

గేమ్ ఫోల్డర్ తెరవండి. యూనిటీప్లేయర్ అనే డీఎల్‌ఎల్ ఫైల్, గేమ్ పేరు చివర డేటా అని ఉన్న ఫోల్డర్ కనిపిస్తే అది యూనిటీతో చేసిన గేమ్. అలాంటివి ఎక్కువగా LocalLow గదిలో, ముందు తయారీదారు పేరు, దాని లోపల గేమ్ పేరుతో ఫోల్డర్ పెట్టుకుంటాయి. మీ హాలో నైట్ అచ్చంగా ఇదే: LocalLow, టీమ్ చెర్రీ, హాలో నైట్. అందులో యూజర్1 డాట్ డీఏటీ (user1.dat) అనే ఫైల్ మొదటి స్లాట్, అలా యూజర్4 వరకు నాలుగు స్లాట్లు. LocalLowకి పర్సెంట్ గుర్తులతో నేరుగా వెళ్ళే పొట్టి దారి లేదు. ఇందాక చెప్పిన పద్ధతిలో రోమింగ్ తెరిచి, ఒక మెట్టు పైకి వెళ్తే పక్కనే కనిపిస్తుంది.

గేమ్ ఫోల్డర్‌లో ఇంజిన్ అనే ఫోల్డర్, ఈఎక్స్‌ఈ పేరు చివర షిప్పింగ్ అనే మాట ఉంటే అది అన్‌రియల్ ఇంజిన్‌తో చేసిన గేమ్. అప్పుడు లోకల్ (Local) అనే గదిలో, గేమ్ ప్రాజెక్ట్ పేరు కింద, సేవ్డ్, దాని లోపల సేవ్‌గేమ్స్. ప్రాజెక్ట్ పేరు గేమ్ పేరులా ఉండాలని లేదు, అది గుర్తుంచుకోండి.

ఇంకా కొన్ని గేమ్‌లు డాక్యుమెంట్స్‌లో పెడతాయి. స్కైరిమ్, టెర్రేరియా లాంటివి డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్ అనే ఫోల్డర్ కింద ఉంటాయి. విచర్ 3 డాక్యుమెంట్స్‌లోనే తన పేరుతో వేరే ఫోల్డర్ పెట్టుకుంటుంది. మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్ రోమింగ్‌లో, చుక్కతో మొదలయ్యే మైన్‌క్రాఫ్ట్ ఫోల్డర్‌లో, ఒక్కో ప్రపంచానికి ఒక్కో ఫోల్డర్. వన్‌డ్రైవ్ బ్యాకప్ ఆన్‌లో ఉంటే మీ డాక్యుమెంట్స్ అసలు వన్‌డ్రైవ్ ఫోల్డర్ లోపలికి మారిపోయి ఉంటుంది. అదీ చూసుకోండి.

ఏదీ పనిచేయకపోతే పీసీగేమింగ్‌వికీలో గేమ్ పేరు వెతకండి. చాలా గేమ్‌లకి సేవ్ ఎక్కడుంటుందో అక్కడ రాసి ఉంటుంది. అక్కడా లేకపోతే గేమ్‌లో సేవ్ నొక్కి వెంటనే బయటికి వచ్చి, మీ యూజర్ ఫోల్డర్‌లో ఫైల్స్‌ని మార్పు తేదీ ప్రకారం వరస పెట్టండి. ఇప్పుడే మారిన ఫైల్ పైన ఉంటుంది.

గేమ్ ఫైల్స్ సంగతి ఇక క్లుప్తంగా. స్టీమ్‌వి మామూలుగా సి డ్రైవ్‌లో ప్రోగ్రామ్ ఫైల్స్ ఎక్స్86లో స్టీమ్, స్టీమ్‌యాప్స్, కామన్. మీరు ఎక్స్86 లేని ప్రోగ్రామ్ ఫైల్స్‌లో వెతికి ఉంటారు. ఫోల్డర్ పేరు గేమ్ పేరే ఉండాలని కూడా లేదు. 2023లో వచ్చిన కౌంటర్ స్ట్రైక్ 2 ఇప్పటికీ గ్లోబల్ అఫెన్సివ్ అనే పాత పేరున్న ఫోల్డర్‌లోనే పడుతుంది. జీఓజీ ఆఫ్‌లైన్ ఇన్‌స్టాలర్ మీరు మార్చకపోతే సి డ్రైవ్‌లో జీఓజీ గేమ్స్ అనే ఫోల్డర్‌లో వేస్తుంది. ఎపిక్ షాపులో కొన్నవైతే ప్రోగ్రామ్ ఫైల్స్‌లో ఎపిక్ గేమ్స్.

హాలో నైట్‌ని మళ్ళీ దింపుకోవడం ఇష్టం లేకపోతే కామన్‌లోని ఆ ఫోల్డర్‌ని డి డ్రైవ్‌కి కాపీ చేసి ఉంచండి. కొత్త విండోస్‌లో స్టీమ్ వేశాక దాన్ని మళ్ళీ కామన్‌లో పెట్టి ఇన్‌స్టాల్ నొక్కితే, ఉన్న ఫైల్స్‌ని సరిచూసుకుని తక్కువైనవి మాత్రమే దింపుతుంది.


ఎఫ్5_నొక్కు:

ఎక్స్‌బాక్స్ యాప్ గేమ్ గురించి ఎవరూ చెప్పలేదు. అవి ప్రోగ్రామ్ ఫైల్స్‌లో విండోస్‌యాప్స్ అనే దాచిన ఫోల్డర్‌లో ఉంటాయి. తెరిస్తే అనుమతి లేదంటుంది. ప్రాపర్టీస్, సెక్యూరిటీ, అడ్వాన్స్‌డ్‌లోకి వెళ్ళి ఓనర్‌ని మీ పేరుకి మార్చుకుంటే తెరుచుకుంటుంది.


పాతకీబోర్డ్:

ఎఫ్5 గారూ, ఆ సలహా ఇవ్వొద్దని నా మనవి. విండోస్‌యాప్స్ ఓనర్ ట్రస్టెడ్ ఇన్‌స్టాలర్ అనే విండోస్ సొంత ఖాతా. స్టోర్ నుంచి వచ్చిన చాలా యాప్‌లు, క్యాలిక్యులేటర్, ఫొటోస్‌తో సహా, ఆ ఫోల్డర్‌లోంచే నడుస్తాయి. ఓనర్‌ని, అనుమతుల్ని మార్చాక ఆ యాప్‌లు తెరుచుకోకపోవడం, అప్‌డేట్ కాకపోవడం జరుగుతుంటాయి. తిరిగి సరిచేయడం తలనొప్పి. కేవలం ఫోల్డర్‌లోకి తొంగి చూడటానికి ఇంత అవసరం లేదు.

వెన్నెల గారూ, మీరు ఎక్స్‌బాక్స్ యాప్‌లోనే గేమ్ మీద మూడు చుక్కలు నొక్కి, మేనేజ్, ఫైల్స్, బ్రౌజ్ అని వెళ్ళండి. ఇప్పుడు చాలా గేమ్‌లు సి డ్రైవ్‌లో ఎక్స్‌బాక్స్‌గేమ్స్ అనే మామూలు ఫోల్డర్‌లో, గేమ్ పేరు కింద కంటెంట్ అనే ఫోల్డర్‌లో పడుతున్నాయి. దాన్ని తెరవడానికి ఓనర్‌ని మార్చాల్సిన పనేమీ ఉండదు. ఈ గేమ్‌ల సేవ్ యాప్‌డేటాలోని లోకల్ (Local) గదిలో ప్యాకేజెస్ కింద పొడుగాటి పేరున్న ఫోల్డర్‌లో ఉంటుంది, ఫైల్ పేర్లు మనిషి చదివేలా ఉండవు. అదృష్టవశాత్తూ మామూలుగా ఎక్స్‌బాక్స్ ఖాతాతో క్లౌడ్‌కి వెళ్తాయి. ఫార్మాట్‌కి ముందు నెట్ ఆన్‌లో పెట్టి ఒకసారి గేమ్ తెరిచి, సేవ్ చేసి, మామూలుగా మూసేయండి. ఈ ఒక్క గేమ్ ఫైల్స్ మాత్రం కాపీ చేయడం కన్నా మళ్ళీ దింపుకోవడమే మేలు.


వెన్నెల_పీసీ:

పాతకీబోర్డ్ గారూ, చాలా థ్యాంక్స్. స్టార్‌డ్యూ పొలం ఫోల్డర్ దొరికింది! ఎన్ని రోజులు నేను జీఓజీ గేమ్స్ ఫోల్డర్ వైపే చూస్తూ ఉన్నానో. హాలో నైట్ కూడా మీరు చెప్పిన చోటే ఉంది, యూజర్1, యూజర్2 రెండూ కాపీ చేశాను. రెండోది తమ్ముడిది.

పాత సీడీ గేమ్ దగ్గర ఆగిపోయాను. టాస్క్ మేనేజర్ పద్ధతిలో వెళ్తే ప్రోగ్రామ్ ఫైల్స్ ఎక్స్86లో దాని ఫోల్డర్ దొరికింది. లోపల సేవ్ అనే ఫోల్డర్ కూడా ఉంది. కానీ ఖాళీ. గేమ్ తెరిస్తే మాత్రం నా సేవ్‌లన్నీ వరసగా కనిపిస్తున్నాయి. దాచిన ఫైల్స్ చూపించమని వ్యూ మెనూలో టిక్ పెట్టాను, అయినా ఖాళీయే. డాక్యుమెంట్స్‌లో, రోమింగ్‌లో కూడా లేవు. మరి గేమ్ వాటిని ఎక్కడినుంచి చదువుతోంది?


పాతకీబోర్డ్:

మీరు వివరాలు ఇంత చక్కగా రాశారు కాబట్టి వెంటనే అర్థమైంది. అది వర్చువల్‌స్టోర్.

పాతకాలం గేమ్‌లు సేవ్‌ని తమ సొంత ఫోల్డర్‌లోనే రాసుకునేవి. విండోస్ విస్టా నుంచి మామూలు ప్రోగ్రామ్‌లకి ప్రోగ్రామ్ ఫైల్స్‌లో రాసే అనుమతి తీసేశారు. అలా తీసేస్తే పాత ప్రోగ్రామ్‌లు ఎర్రర్ ఇచ్చి ఆగిపోతాయి కదా. అందుకని విండోస్ వాటికి రాసినట్టే చూపించి, ఆ ఫైల్‌ని మాత్రం మీ యూజర్ ఫోల్డర్‌లో వేరేచోట పెడుతుంది. చదివేటప్పుడు కూడా ముందు అక్కడే చూసి ఇస్తుంది. గేమ్‌కి ఈ సంగతి తెలియదు, అది తన ఫోల్డర్‌లోనే ఉన్నాయనుకుంటుంది. మీరు ఎక్స్‌ప్లోరర్‌తో చూస్తే అసలు ఫోల్డరే కనిపిస్తుంది, అందుకే ఖాళీ.

విండోస్ కీ, ఆర్ నొక్కి, ఈసారి పర్సెంట్ గుర్తుల మధ్య లోకల్‌యాప్‌డేటా అని టైప్ చేయండి. అందులో వర్చువల్‌స్టోర్, ప్రోగ్రామ్ ఫైల్స్ ఎక్స్86, గేమ్ ఫోల్డర్, సేవ్. మీవన్నీ అక్కడ ఉండాలి. సెట్టింగ్స్ ఫైల్ కూడా పక్కనే ఉండొచ్చు, గేమ్ పేరున్న ఫోల్డర్ మొత్తాన్నీ తీసుకోండి.

దీనికి సంబంధించి ఇంకో విషయం. ఆ గేమ్‌ని ఎప్పుడైనా రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్ అని నడిపితే ఈ దారి మళ్ళింపు ఉండదు, నేరుగా అసలు ఫోల్డర్‌లోనే చదువుతుంది, రాస్తుంది. అప్పుడు సేవ్‌లన్నీ మాయమైనట్టు కనిపిస్తాయి. కంగారుపడి కొత్తగా మొదలుపెట్టేవాళ్ళని చూశాను, పాపం. ఫైల్స్ ఎక్కడికీ పోవు, వర్చువల్‌స్టోర్‌లో భద్రంగానే ఉంటాయి.

కొత్త విండోస్‌లో ఈ గేమ్‌ని ప్రోగ్రామ్ ఫైల్స్‌లో వేయకండి. ఇన్‌స్టాల్ చేసేటప్పుడు డి డ్రైవ్‌లో గేమ్స్ అని మీరే ఒక ఫోల్డర్ పెట్టి అందులో వేయండి. అక్కడ రాయడానికి గేమ్‌కి అనుమతి ఉంటుంది కాబట్టి వర్చువల్‌స్టోర్ జోక్యం ఉండదు. పాత సేవ్‌లని దాని సేవ్ ఫోల్డర్‌లో పెడితే చాలు. మళ్ళీ ఎప్పుడు వెతికినా కళ్ళెదుటే ఉంటాయి.


డిస్క్‌మేట్:

వర్చువల్‌స్టోర్ సంగతి నాకు కూడా ఇప్పుడే తెలిసింది. నా దాంట్లో తెరిచి చూస్తే ఎప్పుడో తీసేసిన రెండు గేమ్‌ల సేవ్‌లు ఇంకా ఉన్నాయి. గేమ్ అన్‌ఇన్‌స్టాల్ చేసినా ఇవి పోవన్నమాట.


పాతకీబోర్డ్:

అవును, చాలా గేమ్‌ల అన్‌ఇన్‌స్టాలర్లు తాము పెట్టిన ఫైల్స్ మాత్రమే తీస్తాయి, ఆడుతుండగా పుట్టిన సేవ్‌ల జోలికి వెళ్ళవు. కానీ దాని మీద నమ్మకం పెట్టుకోకండి. ఫోల్డర్ మొత్తం ఊడ్చేసేవి కూడా ఉన్నాయి.

వెన్నెల గారూ, ఫార్మాట్‌కి ముందు ఒక్క పని చేయండి. కాపీ అయింది కదా అని ఊరుకోకుండా, స్టార్‌డ్యూ సేవ్ ఫోల్డర్‌ని పెన్‌డ్రైవ్‌లో మీ తమ్ముడి కంప్యూటర్‌కి తీసుకెళ్ళి, అతని రోమింగ్‌లో అదే చోట పెట్టి తెరిచి చూడండి. కలిసి ఆడుతున్నారంటే ఇద్దరిదీ ఒకే వెర్షన్ అయి ఉంటుంది, ఇబ్బంది రాదు. అక్కడ పొలం తెరుచుకుంటే కాపీ మంచిదే. పైగా ఇంకో కంప్యూటర్‌లో ఇంకో కాపీ ఉన్నట్టే. హాలో నైట్‌కి స్టీమ్ క్లౌడ్ ఉంది కాబట్టి అంత భయం లేదు, కానీ కొత్తగా వేశాక క్లౌడ్ సేవ్, కంప్యూటర్‌లోని సేవ్ వేరుగా ఉన్నాయని స్టీమ్ అడిగితే తేదీలు చూసి తాజాది ఎంచుకోండి.


వెన్నెల_పీసీ:

చేశాను. తమ్ముడి కంప్యూటర్‌లో పొలం తెరుచుకుంది, గ్రీన్‌హౌస్‌లో వాడి వరసలన్నీ ఉన్నాయి. వాడే దగ్గర కూర్చుని ఒక్కో మూలా తిరిగి చూసుకున్నాడు. పాత గేమ్ సేవ్‌లు వర్చువల్‌స్టోర్‌లో మీరు చెప్పిన చోటే దొరికాయి. సెట్టింగ్స్ ఫైల్ కూడా పక్కనే ఉంది, అన్నీ డి డ్రైవ్‌లో పెట్టాను.

విండోస్ వేసేటప్పుడు పొరపాటున డి డ్రైవ్ ఫార్మాట్ అవ్వకుండా ఏం చేయాలి? ఆ స్క్రీన్‌లో డ్రైవ్ అక్షరాలు కనిపించవని విన్నాను.


డిస్క్‌మేట్:

నిజమే అక్కా, అక్కడ డిస్క్ 0, డిస్క్ 1 అని నంబర్లు, సైజు లాంటివే చూపిస్తుంది. నీ రెండిటి సైజుల్లో చాలా తేడా ఉంది కాబట్టి గుర్తుపట్టడం సులువే. 256 జీబీది అక్కడ దాదాపు 238 జీబీ అని, 1 టీబీది 931 జీబీ అని కనిపిస్తుంది. అయినా నా మాట విని ఆ హార్డ్ డిస్క్ కేబుల్, కంప్యూటర్ ఆపేసి, తీసి పక్కన పెట్టేయ్. విండోస్ వేయడం పూర్తయ్యాక మళ్ళీ తగిలించు.


పాతకీబోర్డ్:

కేబుల్ తీయడమే మంచిది. ల్యాప్‌టాప్ అయి తీయడం కుదరకపోతే, సేవ్‌లన్నీ ఆ పెన్‌డ్రైవ్‌లో కూడా వేసి పక్కన పెట్టుకుని మొదలుపెట్టండి.